కబడ్డీ ఫైనల్లో పసుపు గుడ్డ

అమెరికా ఫుట్‌బాల్ రూలును పినపాకలో మొదట ప్రయోగించింది నేనే కాబట్టి ఈ సంగతి రాసి ఉంచాలి. ఆ ఆటలో ఆటగాడు ఫౌల్ చేస్తే రిఫరీ కొసన బరువు కట్టిన పసుపు గుడ్డ విసురుతాడని, లైబ్రరీలో ఒక రిఫరీ జీవితకథ చదివి తెలుసుకున్నాను.

నిరుడు మా కబడ్డీ ఫైనల్‌కు నేనే రిఫరీని. స్కోరు సమానంగా ఉండగా మా ఊరి యాదగిరి ప్రత్యర్థి జట్టు దమ్మపేట ఆటగాడి చొక్కా పట్టి లాగాడు. గులకరాళ్లు మూటగట్టిన పసుపు గుడ్డ అతని ముందు విసిరాను.

యాదగిరి దాన్ని తీసి కళ్లకద్దుకున్నాడు. "ముత్యాలమ్మ ముడుపును గిట్ల నేలకేసి కొడతవా సార్?"

"ముడుపు కాదు, నువ్వు ఫౌల్ చేసినవ్. పాయింట్ దమ్మపేటకు."

"మాకొద్దు," అన్నాడు దమ్మపేట కెప్టెన్ లక్ష్మయ్య, మూటకు దండం పెడుతూ. "ముందు పోయి ముడుపు చెల్లించు."

జనం నన్ను డప్పులతో గుడికి నడిపించారు. మ్యాచ్ డ్రా అయింది. నా తీర్పు మాత్రం సరైనదే.

గుడ్డ కుట్టిన రషీద్ భాయ్‌కి, జనం నా మీదికి రాకుండా అడ్డం నిలబడ్డ లక్ష్మయ్యకు, మూట విప్పి చూడకుండానే హుండీలో వేయనిచ్చిన పూజారి శేషయ్య గారికి కృతజ్ఞతలు.