గట్టు మీద కూర్చున్న లాండ్రీ

ఇది అప్పుడే రాయాల్సింది. రాయలేదు, ఎందుకంటే అప్పటికి నాకు అక్షరం రాదు. బడికి పోవాల్సిన ఈడులో నాట్లకు పోయాను. అ ఆలు దిద్దింది ఈ మధ్యనే, మనవరాలి పలక మీద.

తొంభైల్లో దోహాలో ఒక లాండ్రీలో పనిచేసేదాన్ని. ఉతికేవాళ్ళం తెలంగాణ ఆడవాళ్ళం, ఇస్త్రీ చేసేది కోస్తావాళ్ళు. ఫరీజ్ అబ్దుల్ అజీజ్ అనే పేటలో అందరికీ ఒకటే ఇల్లు. కానీ శుక్రవారం సెలవు ఇస్త్రీవాళ్ళకే. మాకూ కావాలని అడిగితే సూపర్‌వైజర్ ఒకటే మాట అనేవాడు, "మాఫీ". అరబ్బీలో లేదని.

ఇస్త్రీవాళ్ళలో పెద్దామెది కృష్ణా జిల్లా, చదువుకున్నది. పొద్దుగూకినాక మేం రొట్టెలు చేస్తుంటే పుస్తకాలు చదివి వినిపించేది. ఒకసారి అమెరికా నాయకుడి కథ చదివింది. ఆ పేరు నాకు నోరు తిరగలేదు. రైలాయన అన్నాను, అందరూ అదే అన్నారు. చిన్నతనంలోనే రైలు ఇంజన్ల రంగు గీకే పనిలో చేరాడట. తర్వాత బొగ్గు వేశాడట. ఏ పనివాళ్ళకు ఆ సంఘం ఉంటే అందరూ ఓడిపోతున్నారని, రైల్వే వాళ్ళందరికీ ఒకటే సంఘం పెట్టాడట. సమ్మెకు దిగితే జైల్లో వేశారు. యుద్ధం వద్దన్నందుకు ముసలితనంలో మళ్ళీ వేశారు. జైల్లో ఉంటూనే దేశాధ్యక్షుడి ఎన్నికకు నిలబడ్డాడట!

నా రొట్టె మాడిపోయింది.

"అక్కా, మా ఊళ్ళె గూడ గిదే. నాటుకు పోతే కూలి తేలేదాంక ఒక్కతి మడిల కాలు వెట్టది. అందరం గట్టు మీదనే."

"ఇక్కడ గట్టెక్కడుందే?" అని నవ్వింది పెద్దామె.

"మేమొక్కలమే కూసుంటే విమానం ఎక్కిస్తడు. మీరు గూడ కూసుంటే ఎవలతోని జేపిస్తడు?"

"మాకు సెలవుంది కదా, మాకెందుకీ గోల?" అంది ఇంకో ఇస్త్రీ ఆమె.

పెద్దామె పుస్తకం మూసింది. "నా పుస్తకం నాకే అప్పజెప్పావు గదే," అంది.

గురువారం పొద్దున ఉతికేవాళ్ళం లాండ్రీ మెట్ల మీద కూర్చున్నాం. "యల్లా! యల్లా! లేవండి! అందర్నీ ఇంటికి పంపిస్తా!" అని సూపర్‌వైజర్ అరిచాడు. నన్ను పంపేస్తే ఊళ్ళో మా పొయ్యి వెలగదు. అతను ఇస్త్రీవాళ్ళ వైపు తిరిగి, "మీరు రండి," అన్నాడు.

పెద్దామె వచ్చి నా పక్కన చతికిలబడింది. "గట్టు బాగానే ఉందే," అంది. ఆమె వెనకే మిగతావాళ్ళూ, గోల ఎందుకన్నామెతో సహా.

మధ్యాహ్నానికి హోటళ్ళ దుప్పట్లు గుమ్మం దాకా పేరుకున్నాయి. ఫోను మోగుతూనే ఉంది. చివరికి యజమానే కారు దిగాడు. దుప్పట్ల గుట్టను చూశాడు, మమ్మల్ని చూశాడు. "ఖలాస్. జుమ్మా అందరికీ ఛుట్టీ," అన్నాడు. శుక్రవారం అందరికీ సెలవని.

మేం లేచిన తీరు చూడాల్సింది! నాట్ల పాట ఎత్తుకుని, ఆ గుట్టంతా సాయంత్రానికి ఉతికి పారేశాం. కోస్తావాళ్ళు ఇస్త్రీపెట్టెలు ఆపకుండానే వంత పాడారు. సూపర్‌వైజర్ చెవులు మూసుకున్నాడు.

మర్నాడు శుక్రవారం. అలవాటు కొద్దీ చీకట్లోనే మెలకువ వచ్చింది. లేవలేదు. ముసుగు తన్ని మళ్ళీ పడుకున్నాను. ఎండ ముఖం మీద పడ్డాక లేచి, తలకు పోసుకుని, జుట్టు ఆరేదాకా డాబా మీద ఊరికే కూర్చున్నాను.