సొంతింటి వెనక రెండు గదులు

మొన్న ఆదివారం మా అక్క కూతురూ అల్లుడూ తాడేపల్లి నుంచి వచ్చారు. కృష్ణ ఒడ్డుకు దగ్గర్లో ఏడో అంతస్తులో ఫ్లాటు చూసుకున్నారట. ఫోనులో ఫొటోలు చూపించింది పిల్ల. బాల్కనీలో నిలబడితే ఏరు కనిపిస్తుందంది గానీ, ఫొటోలో నాకు ఎదుటి బిల్డింగు వాళ్ళు ఆరేసుకున్న దుప్పటి కనిపించింది. "ఎంతకే?" అన్నాను. చెప్పింది. "అది వాళ్ళు అమ్మే రేటు. అప్పంతా తీరి నీ చేతికొచ్చేసరికి ఎంతవుతుంది?" అన్నాను. "నెలకింతని ఇరవై ఏళ్ళు పిన్నీ. ఇద్దరం ఉద్యోగాలు చేస్తున్నాం గదా, తెలియకుండా వెళ్ళిపోతుంది" అంది. తెలియకుండా అన్న మాట దగ్గర మా ఆయన పేపరు దించి నా వంక చూశారు. భోజనాలయ్యాక వాళ్ళిద్దరినీ కూర్చోబెట్టి మా ఇంటి సంగతి చెప్పాను. కాస్త అటూ ఇటూగా అప్పుడు చెప్పింది ఇదే.

మేం మార్టూరులో ఇల్లు కట్టింది తొంభై తొమ్మిదిలో. నేను పక్క ఊరి హైస్కూల్లో హిందీ పండిట్టుని. మా ఆయన గ్రానైటు పాలిషింగు యూనిట్లో మిషన్లు చూసుకునేవారు. కోత మిషనుగానీ పాలిషు మిషనుగానీ ఆగిపోతే, భోజనం ముందున్నా సరే, మనిషి వచ్చి పిలుచుకుపోయేవాడు. ఆయన జీతం మరీ ఎక్కువేమీ కాదు. కానీ రాయి ఎలాంటిదో ఆయనకి బాగా తెలుసు. అంచుకి చిన్న దెబ్బ తగిలినవీ, మచ్చ పడినవీ, కొనేవాళ్ళు వద్దన్న పలకలు యూనిట్లో ఒక మూల పడుంటాయి. వాటిని ఓనరు దగ్గర తక్కువలో తీసుకుని, ఒక్కోటీ మోయించుకొచ్చి, మచ్చ ఉన్న వైపు మంచం కిందికి వచ్చేట్టు కొలత వేసుకుని ఇల్లంతా పరిచారు. గృహప్రవేశానికి వచ్చినవాళ్ళు గోడలూ కిటికీలూ చూడకుండా కిందికి చూస్తూ నడిచారు. మా పెద్దాడపడుచు అయితే కాలుజారి పడబోయి, అదీ గొప్పగానే చెప్పుకుంది.

స్థలానికి మా దగ్గరున్నది సరిపోయింది. కట్టడానికి బ్యాంకులో నాలుగు లక్షలు తీసుకున్నాం. పదిహేనేళ్ళు, నెలకి అయిదు వేల రెండొందలకి కాస్త తక్కువ. వడ్డీ పదమూడున్నర. అప్పట్లో అదేమీ ఎక్కువనిపించలేదు. మా ఊళ్ళో షావుకార్ల దగ్గర నూటికి నెలకి రెండూ మూడూ రూపాయల వడ్డీ చూసినవాళ్ళం, బ్యాంకు వడ్డీ అంటే ధర్మసత్రం భోజనంలా ఉండేది. నా జీతంలో సగం పైన అటు పోయేది. మిగిలినదానికి ఆయన జీతం కలిపి ఇల్లు నడిపేదాన్ని. నడిచింది కూడా. ఒక్క నెల వాయిదా తప్పలేదు. ఆ సంగతి నలుగురిలో నేనే ఎత్తి మరీ చెప్పేదాన్ని. సత్తెనపల్లి దగ్గర పుట్టింటివాళ్ళు నాకిచ్చిన ఎకరన్నరలో మా అన్నయ్య మిరప వేసేవాడు. ఏటా వేసవిలో కాయ అమ్మాక కౌలు పంపేవాడు. ఆ డబ్బుతో ఒక ఏడు ఫ్రిజ్జు, ఒక ఏడు సోఫా, ఒక ఏడు మా అమ్మాయికి గొలుసు. ఇల్లన్నాక ఇవన్నీ ఉండాలి గదా అనుకునేవాళ్ళం.

ఆరేళ్ళయ్యాక ఆయనకి దగ్గు పట్టుకుంది. మొదట చలికాలం అనుకున్నాం. చలికాలం పోయింది, దగ్గు పోలేదు. ఆ యూనిట్లో పనంతా నీళ్ళు పోస్తూనే చేస్తారు గానీ, ఆరిన రాతి మడ్డి పొడిగా లేచి అందరి మీదా పడుతుంది. సాయంత్రం ఇంటికొచ్చేసరికి కనుబొమలు తెల్లగా ఉండేవి. "ముసలాడి వేషం వేశారే" అని నవ్వేదాన్ని. మెట్లెక్కి మేడమీదికి పోతూ మధ్యలో ఆగుతుంటే నవ్వు పోయింది. గుంటూరు తీసుకెళ్ళాను. డాక్టరు గారు ఎక్స్‌రే లైటుకి పెట్టి చాలాసేపు చూశారు. "ఏం పని చేస్తారు?" అనడిగి, చెప్పాక, "అది మానేస్తే నేను మందు రాస్తాను. మానకపోతే రాసినా దండగే. ఇప్పుడే వచ్చారు కాబట్టి ఈ మాట చెప్పగలుగుతున్నాను" అన్నారు. బస్సులో మా ఆయన కిటికీ పక్కన కూర్చున్నారు. చిలకలూరిపేట దాటాక "మానేస్తే వాయిదా ఎట్లా?" అన్నారు. ఆయన నోటి నుంచి మొదట వచ్చిన మాట అదే. తన ఊపిరి గురించి కాదు.

మర్నాడు సెలవు పెట్టి బ్యాంకుకి వెళ్ళాను. నా లెక్క సులువే. పదిహేనేళ్ళలో ఆరేళ్ళు కట్టాం, అటూ ఇటూగా సగం తీరుంటుంది, మిగతాది ఏ పొలమో తాకట్టు పెట్టి తీర్చేసి ఆయన్ని పని మానిపిస్తే సరి. మేనేజరు గారు కంప్యూటరు చూసి, "మూడు లక్షల ఇరవై నాలుగు వేలుంది మేడమ్" అన్నారు.

"మాది కాదేమో చూడండి. పేరు ఎక్కడో తప్పు పడుంటుంది."

"మీదే మేడమ్."

"మేం తీసుకున్నదే నాలుగు లక్షలండీ. ఇప్పటికి మూడు లక్షల డెబ్బై వేల పైన కట్టాం. ఒక్క నెల తప్పలేదు."

"తప్పలేదు కాబట్టే ఈ మాత్రం తగ్గింది" అన్నారాయన. మంచిగానే అన్నారు. నా వెనక ఎవరూ లేరు గనక తీరిగ్గా చెప్పారు కూడా. మొదటి నెల మేం కట్టినదాంట్లో నాలుగు వేల అయిదొందలు వడ్డీకే పోయింది. అసలుకి చేరింది ఏడొందల లోపు. అసలు తగ్గేకొద్దీ వడ్డీ వాటా తగ్గి, అసలు వాటా పెరుగుతూ పోతుంది. అంటే మొదటి ఏళ్ళన్నీ వడ్డీకి కడుతున్నట్టే, ఇల్లు మనదవటం మొదలయ్యేది చివరి ఏళ్ళలో. "పదిహేనేళ్ళూ ఇట్లాగే కడితే మొత్తం ఎంతవుతుందండీ?" అనడిగాను. "తొమ్మిది లక్షల ముప్పై వేల పైన" అన్నారు. నాలుగు లక్షల అప్పుకి. మధ్యలో ఎక్కువ కడితే ఏమవుతుందని అడిగాను. తిన్నగా అసలులోంచే తగ్గుతుందట. ఎంత ముందు కడితే అంత మిగులుతుందట, చివర్లో కట్టి లాభం లేదట. ఇంకో సంగతి కూడా ఆయనే చెప్పారు. కొత్తగా తీసుకునేవాళ్ళకి వడ్డీ తొమ్మిదిన్నరే.

"మరి మాకెందుకు తగ్గించలేదు?"

"మీరు అడగలేదు కదండీ. అర్జీ రాసి, కొంచెం ఫీజు కడితే మారుస్తాం."

అక్కడే బల్ల మీద కాగితం అడిగి తీసుకుని అర్జీ రాసిచ్చాను. బయటికొచ్చాక ఎదురుగా ఉన్న దుకాణం అరుగు మీద కాసేపు కూర్చున్నాను. నాకు ఏడుపు రాలేదు. నాకొచ్చింది కోపం. అది మేనేజరు మీద కాదు, బ్యాంకు మీద కూడా కాదు. వాళ్ళు దాచిందేమీ లేదు, సంతకం పెట్టిన కాగితాల్లో అంతా ఉండే ఉంటుంది. తొమ్మిది లక్షలైతే అవనీ, కష్టపడి కడతాం. కానీ ఆ లెక్కలో మా ఆయన ఊపిరి కూడా పడిపోతోందని ఎవరూ చెప్పలేదు. ఇంకా తొమ్మిదేళ్ళు ఆ పొడిలో నిలబడితేనే ఆ ఇల్లు మాది. అప్పటికి ఆ ఇంట్లో ఉండేది ఎవరు? ఇంటికి నడుచుకుంటూ వచ్చేసరికి ఏం చెయ్యాలో నాకు తెలిసిపోయింది.

మా ఇంటి వెనక రెండు గదులుండేవి. ఇల్లు కట్టేటప్పుడు సిమెంటు బస్తాలు పెట్టుకోవటానికి ఒకటీ, కాపలా మనిషి పడుకోవటానికి ఒకటీ పైన రేకులు వేసి కట్టించాం. తరవాత పాత సామాను పెట్టుకున్నాం. ఆదివారం పొద్దున్నే మా ఆయన అలవాటు ప్రకారం తడిగుడ్డ పెట్టి హాల్లో నేల తుడుస్తున్నారు. ఆ పని ఆయన ఎవరినీ చెయ్యనిచ్చేవారు కాదు. నేను గడప మీద కూర్చుని చెప్పాను. "ఇల్లు అద్దెకిచ్చేద్దామండీ. మనం వెనక గదుల్లో ఉందాం. అద్దే, అన్నయ్య పంపే కౌలూ, నాకొచ్చే జీతం ఎరియర్సూ అన్నీ అసలులోకి కట్టేద్దాం. మీరు రేపటి నుంచి యూనిట్‌కి పోవద్దు."

ఆయన తుడవటం ఆపలేదు. "ఈ నేల మీద వేరేవాళ్ళు నడుస్తారా?" అన్నారు.

"కొన్నాళ్ళు నడుస్తారు."

"అప్పు తీరేదాకా ఓపిక పట్టకూడదా? మందులు వేసుకుంటా."

"డాక్టరు గారు చెప్పింది మీరూ విన్నారు గదా. ఇల్లెక్కడికీ పోదు. మీరు పోతే ఈ రాళ్ళు పెట్టుకుని నేనేం చెయ్యను?"

ఆయన గుడ్డ బకెట్లో పడేసి గోడకి ఆనుకుని కూర్చున్నారు. అప్పుడు చెప్పారు. అంతకుముందు నెల జీతం పెంచమని అడగటానికి ముగ్గురు కలిసి ఓనరు దగ్గరికి వెళ్ళారట. ఓనరు మిగతా ఇద్దరితో బతిమాలినట్టు మాట్లాడి, ఈయన వైపు చూసి నవ్వుతూ, "నీకు పెంచకపోయినా ఎక్కడికి పోతావయ్యా, హవుసులోను ఉన్నోడివి" అన్నాడట. "నిజమే గదా అనుకున్నా" అన్నారు మా ఆయన. ఆయనే లేచి, బకెట్టు పట్టుకుని వెనక్కి వెళ్ళి, సిమెంటు గది తలుపు తీసి లోపల ఎంత బూజుందో చూసొచ్చారు.

నెల తిరక్కుండా అద్దెకి మనుషులు దొరికారు. రాజస్థాన్ నుంచి వచ్చిన రాళ్ళ వ్యాపారి, భార్య, ఇద్దరు పిల్లలు. నేల చూసి అద్దె బేరమాడలేదు. నెలకి నాలుగు వేలు. హిందీ పండిట్టునని చెప్పుకుంటూ అన్నేళ్ళు పిల్లలకి పాఠాలు చెప్పాను గానీ, హిందీ వాళ్ళతో హిందీలో మాట్లాడటం నాకదే మొదలు. మొదటిరోజు ఆవిడకి నీళ్ళు ఏ వేళకి వస్తాయో చెప్పబోయి, పాఠ్యపుస్తకంలోని వాక్యంలా చెప్పాను. ఆవిడ చేతులు జోడించి విన్నది. తరవాత్తరవాత నా హిందీ బాగుపడింది, ఆవిడ గోంగూర తినటం నేర్చుకుంది.

మా మామగారు వచ్చింది అప్పుడే. పొలం పనులు ముగించుకుని బియ్యం బస్తాతో దిగారు. ముందు గుమ్మంలో ఎవరో కొత్త మనిషి నిలబడుంటే ఊరు తప్పానేమో అనుకున్నారట. సంగతి తెలిశాక వెనక వాకిట్లో నిలబడిపోయారు, లోపలికి రాలేదు. "సొంతిల్లు కట్టుకుని సిమెంటు గదిలో కాపరమేందమ్మాయ్? ఇల్లు కట్టి దివాలా తీశాడనుకోరూ నలుగురూ?" అన్నారు.

"అనుకోనివ్వండి మావయ్యా. ఆ నలుగురూ వచ్చి మన వాయిదా కట్టరు గదా" అన్నాను. ఆయనకి ఎదురు చెప్పటం అదే మొదటిసారి. మా ఆయన లోపల దగ్గారు. ఆ దగ్గు విని మామగారు గడప దాటి లోపలికొచ్చారు. కొడుకు పక్కన మంచం మీద కూర్చుని చాలాసేపు వీపు మీద చెయ్యేసి ఉంచారు. వెళ్ళేటప్పుడు, "ఇకనుంచి బియ్యం కొనమాకండి" అన్నారు. తరవాత ఎప్పుడొచ్చినా వేపచెట్టు గాలి బాగుంటుందని ఆ వెనక వాకిట్లోనే నవారు మంచం వేయించుకునేవారు. ఆయనకి ముందు ఇంటికంటే అదే నచ్చింది.

ఆ రోజులు సుఖంగా గడిచాయని చెప్పను. ఎండాకాలం రేకుల కింద ఉడికిపోయేవాళ్ళం. ఎనిమిదో తరగతి చదివే మా అమ్మాయికి తన గది పోయిందని కోపం, స్నేహితుల్ని ఇంటికి తీసుకొచ్చేది కాదు. ఫ్రిజ్జు పట్టక అన్నయ్యకి పంపించేశాను. అయితే మూడు నెలలకి మా ఆయన రాత్రిళ్ళు లేవకుండా పడుకోవటం మొదలుపెట్టారు. ఏడాది తిరిగేసరికి గేటు పక్కన పందిరి వేసి మోటారు వైండింగు షాపు పెట్టారు. వోల్టేజి సరిగ్గా ఉండని ఆ రోజుల్లో బోరు మోటార్లు కాలిపోతూనే ఉండేవి. పత్తికీ మిరపకీ నీళ్ళు పెట్టాల్సిన వేళ రైతులు మోటారు ట్రాక్టరు మీద వేసుకొచ్చి ఎదురుగా కూర్చునేవాళ్ళు. వాళ్ళ తిట్లన్నీ కరెంటోళ్ళకి, డబ్బులు మాకు. మిరప రేటు బాగున్న ఏడు అన్నయ్య కౌలు కాక పైన ఇంకొంత పంపాడు. ప్రతిదీ తీసుకెళ్ళి బ్యాంకులో కట్టేదాన్ని. కట్టిన ప్రతిసారీ "ఇంకా ఎంతండీ?" అని అడిగి మరీ వచ్చేదాన్ని. మొదట్లో మెల్లగా దిగింది. తరవాత మెట్లు దిగుతున్నట్టు దిగింది. చివరికి మేనేజరు గారు నన్ను గుమ్మంలో చూడగానే అంకె చెప్పేసేవారు.

రెండు వేల ఎనిమిదిలో తీరిపోయింది. కాగితాలు తీసుకుని ఇంటికొచ్చిన రోజు మేం పండగేమీ చేసుకోలేదు. ఆయన ఎవరిదో మోటారు విప్పుతున్నారు. చేతులకి గ్రీజు ఉందని కాగితాలు ముట్టుకోలేదు, నేనే తిప్పి చూపించాను. చదివి, "అయితే ఆ మార్వాడీ వాళ్ళని ఖాళీ చెయ్యమందామా?" అన్నారు. "వాళ్ళ పిల్లల పరీక్షలయ్యేదాకా ఉండనిద్దాం" అన్నాను. ఉండనిచ్చాం. ముందు ఇంట్లోకి మారిన మొదటి రోజు మా అమ్మాయి ఆ చల్లటి నేల మీద బోర్లా పడుకుని సాయంత్రందాకా లేవలేదు.

ఆ అప్పు ముందనుకున్నట్టు సాగితే రెండు వేల పద్నాలుగు దాకా ఉండేది. ఎంత మిగిలిందని ఎవరైనా అడిగితే రూపాయల్లో చెప్పగలను, ఆ లెక్క నాకు నోటికి వచ్చు. కానీ నేను లెక్కపెట్టుకునేది మిగిలిన ఆ ఆరేళ్ళనే. వాటిల్లో చెప్పుకోదగ్గ విశేషం ఏదీ లేదు. ఆయన పొద్దున్నే లేచారు, షాపు తెరిచారు, రైతులతో వాదించారు, మధ్యాహ్నం అన్నం తిని ఎవరూ లేపకుండా ఒక కునుకు తీశారు. అప్పుకి రాసిచ్చేసిన కాలాన్ని వెనక్కి తెచ్చుకుంటే, అది ఇంత మామూలుగా గడుస్తుంది.