పోయినవాడి హాజరు

వీధిలో అందరూ ఆమెను గడియారాలావిడ అనేవారు. బాగుచేసేది భర్త. సెల్లు మార్చడం, బెల్టు బిగించడం, బేరమాడేవాళ్ల నోరు మూయించడం ఆమె వంతు. ఇంటి ముందుగదే కొట్టు, ఆ కొట్టే బతుకు. గది కాగితాలు ఎలా చేయించుకున్నాడో గానీ మరిది తన పేర చేయించుకున్నాడు. అవి చెల్లవని భర్త దావా వేశాడు. తీర్పు వచ్చేదాకా గది జోలికి పోవద్దని కోర్టు మరిదిని ఆపింది. ఏడేళ్లలో జడ్జీలు మారారు, వాయిదాలు మాత్రం ఆగలేదు.

మూడో ఏట భర్త మంచాన పడ్డాడు. అప్పటినుంచి కోర్టుకు ఆమే వెళ్లేది. కోర్టు బంట్రోతు ఆమె భర్త పేరు పిలవగానే వెనక బెంచీలోంచి లేచి "హాజరండీ" అనేది. తలెత్తి చూసే తీరిక అక్కడ ఎవరికుంది?

వాళ్ల వకీలు గుమాస్తా నోటికి అడ్డూ ఆపూ లేదు. ఒకనాడు, "మీ ఆయన్ని జాగ్రత్తగా చూసుకోమ్మా. మనిషి గుటుక్కుమంటే కేసూ గుటుక్కే" అని నవ్వాడు. అతను వేళాకోళమాడాడు, ఆమె చట్టమనుకుంది. ఏమీ తెలియని మనిషి దగ్గర చట్టంతో పరాచికాలాడే నాలుకను ఏం చేసినా పాపం లేదు.

వానలు మొదలయ్యే రోజుల్లో భర్త పోయాడు. మరిది వచ్చి అన్న శవానికి భుజం పట్టాడు, వదిన ఎదుట కళ్లు తుడుచుకున్నాడు. ఆమె వకీలుకు కబురు పెట్టలేదు. తర్వాతి వాయిదాకు వెళ్లింది. పేరు పిలిచారు. లేచి "హాజరండీ" అంది. ఆపైన మూడుసార్లు అలాగే అంది. కేసు బతకాలన్న భయం ఒకటి. ఆయన పేరు పైకి పిలిచే చోటు లోకంలో అదొక్కటే మిగలడం ఇంకొకటి.

అయిదో నెలలో మరిది వకీలు మరణ ధ్రువపత్రం బల్లమీద పెట్టాడు.

"మరి ఇన్నాళ్లూ పలికిందెవరు?" అన్నాడు జడ్జి.

"నేనేనండీ."

ఆమె వకీలు తల పట్టుకున్నాడు. "తొంభై రోజుల్లోపు ఒక్క ముక్క చెప్పి ఉంటే ఆయన స్థానంలో నీ పేరు రాయించేవాణ్ణి కదమ్మా! కేసు నడిచేది."

గడువు దాటినందుకు మన్నించమని అర్జీ పెట్టాడు. తెలియక ఆలస్యం కావడం వేరు, పోయినవాడు బతికున్నాడని కోర్టును నమ్మించడం వేరు అని జడ్జి కొట్టేశాడు. దావా రద్దయింది. మరిదిని ఆపిన ఉత్తర్వూ దాంతోపాటే పోయింది.

మర్నాడు పొద్దున్నే మరిది కొత్త తాళంతో గుమ్మంలో నిలబడ్డాడు.

"మీ అన్నయ్య పోయిన సంగతి నీకు ఆ రోజే తెలుసుగా. అప్పుడే కోర్టులో ఎందుకు చెప్పలేదు?" అని అడిగింది.

"నువ్వే చెప్పేస్తావేమోనని హడలిపోయాను వదినా. తొంభయ్యో రోజు దాకా నాకు కంటిమీద కునుకు లేదు" అంటూ చెయ్యి చాపాడు. "పాత తాళంచెవి ఇలా ఇవ్వు."

ఆమె ఇచ్చేసింది.