హాజరు పుస్తకంలో బాపు పేరు

పరీక్ష రాశాను, మెరిట్ జాబితాలో పేరు వచ్చింది, సర్టిఫికెట్ల పరిశీలన దగ్గర ఆగిపోయాను. ఆదిలాబాద్‌లోని ప్రభుత్వ శిక్షణ కేంద్రంలో మరమగ్గం పని నేర్పే ఉద్యోగం అది. మగ్గం నడిపిన అనుభవం మూడేళ్లు ఉండాలన్నది షరతు. నేను పనిచేసిన మరమగ్గాల షెడ్డు యజమాని ఇచ్చిన అనుభవ పత్రంలో నా పేరే ఉంది. కానీ హాజరు పుస్తకంలో ఉన్నది మా బాపు పేరు, అంటే మా నాన్న పేరు. 'చెల్లదు' అని ఒక్క ముక్క రాసి నా దరఖాస్తు పక్కన పడేశారు. మళ్లీ నోటిఫికేషన్ వచ్చేసరికి నా వయసు దాటిపోతుంది. హైకోర్టు తప్ప దిక్కు లేకపోయింది.

ఆ అధికారుల మీద నాకు ఇప్పటికీ మంటే. కానీ తప్పు మా వైపూ ఉంది. కరీంనగర్ పక్కన మా నేతవాడలో ఆడవాళ్లు కండెలకు నూలు చుడతారు, మగవాళ్లు సాంచాలు నడుపుతారు. మరమగ్గాన్ని మేము సాంచా అంటాం. బాపు నడుము పట్టేసి మంచాన పడినప్పుడు, డిప్లొమా చేసి ఖాళీగా కూర్చున్న నేను ఆయన సాంచాల దగ్గర నిలబడ్డాను. అలా మూడేళ్లు గడిచాయి. హాజరు మాత్రం బాపు పేరు మీదే పడింది. సాంచాల మీద ఆడపిల్ల పేరు రాసే అలవాటు మా దగ్గర లేదు. తన పేరు తీసేస్తే బతికుండగానే తనను తీసేసినట్టని బాపు బాధ. ఎవరూ కాదనలేదు, నేను కూడా.

మా వకీలు కాగితాలన్నీ చూసి బాపుతో అన్నాడు: "పెద్దమనిషీ, గా మూడేండ్లు నువ్వు పనికి పోలేదని ప్రమాణపత్రం రాసియ్యాలె. లేకుంటే కేసు నిలబడది."

బాపు భగ్గుమన్నాడు. "నేను పండుకొని తిన్ననని హైకోర్టుల చెప్పాల్నా? వాడల మొఖం ఎట్ల చూపెట్టాలె?"

"నడుము నొచ్చి పడ్డవు బాపూ. దొంగతనం చెయ్యలే గదా," అన్నాను.

"నీకేం ఎరుక? జర ఊకో."

వారం రోజులు నాతో మాట్లాడలేదు. నేనేమన్నా తక్కువా, అన్నం పళ్లెం ఆయన ముందు చప్పుడయ్యేలా పెట్టేదాన్ని. వాయిదాకు రెండు రోజుల ముందు తనే వెళ్లి ప్రమాణపత్రం మీద సంతకం పెట్టి వచ్చాడు. ఆ సంగతి కూడా నాకు వకీలే ఫోన్ చేసి చెప్పాడు.

కోర్టులో అవతలి వకీలు లేచి, ఎంత అనుభవం కావాలో ప్రభుత్వమే నిర్ణయించుకుంటుంది, అందులో కోర్టు వేలు పెట్టకూడదన్నాడు. జడ్జి తల ఊపారు. కేసు పోయిందనుకున్నాను.

"షరతును నేను ముట్టుకోను," అన్నారు జడ్జి. "ఈమె పని చేసిందా లేదా అని మీరు ఎవరినైనా అడిగారా?"

"రికార్డులో తండ్రి పేరు ఉందండీ..."

"నేను అడిగింది పని గురించి."

జడ్జి తిరస్కరణను కొట్టేశారు. బాపు ప్రమాణపత్రం చూసి, విచారించి నెలలోపు తేల్చమని అధికారులను ఆదేశించారు.

ఆ నెలంతా ఫోన్ మోగినప్పుడల్లా ఉలిక్కిపడ్డాను. అధికారులు షెడ్డుకే వచ్చారు. "ఆడవాళ్లు నడుపుతారా ఇవి?" అని ఒకాయన నవ్వి, సాంచా ఆపి, తెగిన పోగు అతకమన్నాడు. కోపంతోనే అతికి, సాంచా నడిపి చూపించాను.

నియామక పత్రం వచ్చిన రోజు దాన్ని బాపుకు చదివి వినిపించాను. మూడేళ్ల అనుభవం నాదేనని తేలినట్టు అందులో ఉంది. పక్కనే ఉన్న మా అమ్మ, అవ్వ, కళ్లు తుడుచుకుంది. బాపు కాగితం చేతిలోకి తీసుకున్నాడు.

"గా మూడేండ్లు నువ్వే మమ్ముల సాకినవు బిడ్డా. ఇంట్ల అందరికి ఎరుకే. నేనే ఒప్పుకోలే."

ఆయన చేత కోర్టుకు ఆ మాట రాయించి ఉద్యోగం గెలిచినందుకు ఆ పూట నాకు సిగ్గేసింది.