క్లెయిముల సెక్షన్లో సన్యాసం

మా మేనేజరుగారికి గంట పిచ్చి. మనిషి మంచివాడు, మాట మెత్తన, ఎవరినీ పల్లెత్తు మాట అనడు. కానీ సాయంత్రం ఐదయ్యేసరికి ఆయనకి పూనకం వస్తుంది. సొరుగులోంచి ఇత్తడి గంట తీసి, ఎక్కడో నిప్పంటుకున్నట్టు సెక్షనంతా తిరుగుతూ వాయిస్తాడు. ఆ చప్పుడు వినబడ్డాక మేం పెన్ను కదపకూడదు. రాస్తున్న మాట సగంలో ఉన్నా సరే, అక్షరానికి కొమ్ము మిగిలిపోయినా సరే, వదిలేసి లేవాలి. మఠంలో సన్యాసుల నియమమట అది. మాదేమో ఇన్సూరెన్స్ కంపెనీ.

మా సెక్షను పని క్లెయిములు చూడటం. ఇల్లు కూలిందనో దుకాణం తగలబడిందనో జనం మొరపెట్టుకుంటే, డబ్బు ఎందుకివ్వలేమో మర్యాదగా రాసి పంపడం నా వంతు. ఆఫీసు వేళలు ఐదింటివరకే అని గుమ్మం పక్కన బోర్డుంది. దాన్ని నమ్మినవాడు లేడు. పెద్దాఫీసు వాళ్ళ దృష్టిలో ఎనిమిదింటిదాకా కుర్చీలో కనబడినవాడే పనిమంతుడు. అందుకని ఐదు దాటాక కూడా అందరం కంప్యూటర్ల వంక ముఖం చిట్లించి చూస్తూ కూర్చునేవాళ్ళం. నేనైతే పేకాట కూడా ముఖం చిట్లించుకునే ఆడేవాణ్ణి.

ఒక్క అకౌంట్స్ అక్క మాత్రం ఐదింటికి సంచీ భుజాన వేసుకుని పరుగెత్తేది. వాళ్ళ నాన్నకి మతిమరుపు జబ్బు. రిటైరైన బస్సు డ్రైవరు. చూసుకునే ఆయా ఐదున్నరకి వెళ్ళిపోతుంది. ఆ తరవాత ఇంట్లో ఎవరూ లేకపోతే పెద్దాయన డ్యూటీకని బయల్దేరతాడు. ఒకసారి నిజంగానే డిపోకి పోయి బస్సెక్కి డ్రైవరు సీట్లో కూర్చున్నాడు. తాళంచెవి దొరకలేదు కాబట్టి ఊరు బతికిపోయింది.

పెద్దాఫీసుకి ఇవన్నీ పట్టవు. "మీ సెక్షన్లో ఒకరిని తగ్గించాలి. ఐదింటికే దుకాణం కట్టేసే ఆవిడెవరో ఉందట కదా, ఆవిడైతే సరిపోతుంది. నేనే వచ్చి చూసి తేలుస్తాను" అని అక్కడి పెద్దసారు ఫోన్లో మేనేజరుగారికి చెప్పాడు. ఆ మాట సాయంత్రానికల్లా అందరికీ తెలిసిపోయింది. ఉద్యోగం పోతే ఆయా జీతం ఎక్కణ్ణుంచి తేవాలి? అక్క ఆ వారమంతా ఎవరితోనూ సరిగా మాట్లాడలేదు.

సరిగ్గా అప్పుడే మా మేనేజరుగారు బీపీ పెరిగిందని సెలవు పెట్టి, డాక్టరు సలహా మీద కొండమీది క్రైస్తవ మఠానికి ప్రశాంతత వెతుక్కుంటూ వెళ్ళాడు. ఆయన చర్చి గడప తొక్కేది ఎవరి పెళ్ళికైనా పిలిస్తేనే. అదీ భోజనాల వేళకి. అలాంటి మనిషి ఆ వారం చివరికల్లా గంటతో తిరిగొచ్చాడు.

"సన్యాసులు గంట మోగగానే చేతిలో పని వదిలేస్తారయ్యా. వదలకపోతే గర్వం కింద లెక్క" అన్నాడు.

"పని చేసుకోవడం గర్వమా సార్?"

"నేను లేకపోతే లోకం ఆగిపోతుందనుకోవడం గర్వం కాదా? ఇంతకీ ఎనిమిదింటిదాకా నువ్వు చేసే పనేమిటి?"

పేకాట సంగతి నేను చెప్పలేదు.

ఆ రోజునుంచి మా బతుకు సన్యాసుల పాలైంది. సగంలో ఆపిన ఉత్తరాన్ని మర్నాడు పొద్దున పూర్తిచెయ్యాలని నియమం. కానీ టపా పంపే అతను నాకన్నా ముందొచ్చి టేబుల్ మీదున్నవన్నీ కవర్లలో పెట్టి పంపేసేవాడు. "తమ దుకాణం అగ్నిప్రమాదంలో కాలిపోయినందుకు మేము ఎంతో సంతో" అని ఒకాయనకి ఉత్తరం పోయింది. సంతోషించలేకపోతున్నాం అని రాయబోయానని ఆయనకి ఫోన్ చేసి చెప్పేసరికి నా తల ప్రాణం తోకకొచ్చింది.

అక్కడితో అయిందా? సన్యాసులకి సొంత ఆస్తి ఉండదట. కాబట్టి 'నాది' అనే మాట ఆఫీసులో వినబడకూడదు. మన పెన్ను, మన కుర్చీ, మన టిఫిను డబ్బా. క్యాషియరు ఒకరోజు చెంప పట్టుకుని వచ్చి, "సార్, మన పన్ను పీకించుకోవాలి, సెలవు కావాలి" అన్నాడు. "పాపం, మనకి చాలా నొప్పిగా ఉందా?" అని ఆయన నిజంగానే బాధపడ్డాడు.

మధ్యాహ్నం భోజనాల దగ్గర మాటలు బంద్. మఠంలో అందరూ నిశ్శబ్దంగా తింటుంటే ఒకరు పుణ్యపురుషుల చరిత్రలు చదువుతారట. మా దగ్గర పుణ్యపురుషులు లేరు కనుక మా కంపెనీ పాలసీ షరతులు చదివించాడు. ఇన్నేళ్ళుగా మేం అమ్ముతున్నదేమిటో మొదటిసారి మా చెవిన పడింది. టైపిస్టు రెండో పేజీ దగ్గర ముద్ద దిగక, సన్న గొంతుతో "ఇంత అన్యాయమా?" అంది. నిశ్శబ్దం చెడగొట్టినందుకు మేనేజరుగారు ఆవిడ్ని చూపుతోనే మందలించాడు.

అన్నిటికన్నా కష్టం అతిథి నియమం. వచ్చిన ప్రతివాణ్ణీ ప్రభువే వచ్చాడనుకుని లేచి నిలబడి ఆహ్వానించాలి. నిలబడ్డాం, కుర్చీ వేశాం, మంచినీళ్ళిచ్చాం. తరవాత మూడో షరతు ప్రకారం తమరికి పైసా రాదని ప్రభువుకే చెప్పి పంపేశాం. చెబుతుంటే నాకు నోరు తడబడేది. మామూలు మనిషికైతే ఎంత గడగడా చెప్పేవాణ్ణో!

అందరికన్నా ఎక్కువగా విసుక్కున్నది అక్క. "నేనొక్కదాన్నే ఐదింటికి వెళ్తుంటే పెద్దసారు కాళ్ళావేళ్ళా పడైనా ఒప్పించుకునేదాన్ని. ఈయన పుణ్యమా అని ఇప్పుడు సెక్షనే మూతపడేలా ఉంది" అంది నాతో. నాకూ అలాగే అనిపించింది. పెద్దసారు చెప్పినట్టే తనిఖీకి వస్తున్నాడని కబురొస్తే, "కాస్త ఆ గంట దాచెయ్యండి సార్, ఆయన వెళ్ళేదాకా" అని బతిమాలాను.

"దేవుడు పిలిస్తే పెద్దసారున్నాడు, తరవాత రమ్మని చెప్పమంటావా?" అన్నాడు.

పెద్దసారు సాయంత్రం నాలుగున్నర దాటాక దిగాడు. మనిషికన్నా ముందు ఆయన సెంటు వచ్చింది. దుకాణం కాలిపోయినాయన చేసిన ఫిర్యాదు చేతిలో పట్టుకుని, "ఇది ఎవరి తప్పు?" అని ఉరిమాడు.

"మన తప్పేనండి" అన్నాడు మేనేజరుగారు.

"మనదంటే?"

"మీదీ, మాదీ. కలిపి."

పెద్దసారు ముఖం కందగడ్డయింది. ఆ మాట అరిగేలోపు గుమ్మంలో తెల్ల అంగీ వేసుకున్న ఒక ముసలి సన్యాసి కనబడ్డాడు. మేమందరం అలవాటుగా లేచి నిలబడ్డాం. అందరూ లేచేసరికి పెద్దసారు కూడా తెలియకుండానే లేచాడు.

"గాలివానకి మా మఠం వంటిల్లు కప్పు ఎగిరిపోయిందండి. క్లెయిము పెడితే మీరు ఉత్తరం రాశారు. 'పరిశీలించిన మీదట, తమకు డబ్బు చెల్లించడానికి' అని ఆగిపోయింది. తరవాత మాటేమిటో కనుక్కుని రమ్మన్నారు మావాళ్ళు" అన్నాడు సన్యాసి. ఇంతలో మేనేజరుగారు ఆయన కంటబడ్డాడు. "అరె, మీరిక్కడా! మీ గురక మా గోడలకి ఇంకా గుర్తుంది. పాపం ఒక్క ప్రార్థనకీ లేవలేకపోయారు!"

మేనేజరుగారు పైకి చూశాడు, కిందికి చూశాడు, ఫ్యాను వేగం పెంచాడు. "ఆ తరవాత మాట, నిర్ణయించాం అండి. చెల్లించడానికి నిర్ణయించాం" అన్నాడు గబగబా. నేను రాయబోయింది అది కాదు.

పెద్దసారు ఈ గోల పక్కన పెట్టి మమ్మల్నందర్నీ వరసగా నిలబెట్టాడు. "ఒకరిని తియ్యడానికే వచ్చాను. ఎవరు కంపెనీని ప్రేమిస్తున్నారో, ఎవరు గడియారాన్ని ప్రేమిస్తున్నారో నాకు తెలియదనుకోకండి. అసలు అంకితభావం అంటే ఏమిటంటే..."

గంట మోగింది.

పెద్దసారు కళ్ళెర్రజేశాడు. మేనేజరుగారు వాయిస్తూనే ఉన్నాడు. అక్క ఒక్క క్షణం పెద్దసారు వంక, ఒక్క క్షణం గుమ్మం వంక చూసి, సంచీ తీసుకుని మెట్ల మీదికి ఉరికింది. మేం కూడా కదిలాం. "ఆగండి! ఎవరూ కదలొద్దు!" అని పెద్దసారు అరిచాడు. అప్పటికే క్యాషియరు మెట్ల దగ్గరున్నాడు.

"ఏమిటీ వేషాలు?" అని పెద్దసారు సన్యాసి మీద విరుచుకుపడ్డాడు. "మీరే చెప్పండి. మీ మఠంలో ఇలాగే చేస్తారా?"

"గంట వినబడితే పని వదిలెయ్యడం మా నియమమేనండి."

"ఐదింటికా?"

"కాదు. మా సాయంకాల ప్రార్థన ఆరున్నరకి."

మేనేజరుగారి ముఖంలో నెత్తురు చుక్క లేదు. సన్యాసి కిటికీలోంచి కిందికి చూశాడు. రోడ్డు మీద అక్క ఒక చేత్తో చెప్పు పట్టుకుని బస్సు వెనకాల పరుగెడుతోంది. "ఆ అమ్మాయికి అంత తొందరేమిటి?" అని అడిగాడు. గుమ్మం దగ్గర ఆగిపోయిన నేను వాళ్ళ నాన్న సంగతి చెప్పాను.

ఆయన కాసేపు మా మేనేజరుగారినే చూశాడు. "ఆరున్నర మా కొండ మీదండి. ఇక్కడ ప్రార్థన ఐదింటికే" అన్నాడు. తరవాత పెద్దసారు వైపు తిరిగి, "మీ ఇంట్లో కూడా ఎవరో ఎదురుచూస్తూనే ఉంటారు. వెళ్ళండి బాబూ" అన్నాడు.

నాకు అప్పుడు వెలిగింది. ఇన్నాళ్ళూ పిచ్చి అనుకుంటున్నది పిచ్చి కాదు.

పెద్దసారు ఫోన్ తీసి ఇంటికి చేశాడు. "బయల్దేరుతున్నాను" అన్నాడో లేదో, అవతల ఆయన భార్య పెట్టిన కేక మెట్ల దాకా వినబడింది. "ఐదింటికా? ఏం జరిగిందండీ? ఉద్యోగం పోయిందా?"

ఆయన బిక్కచచ్చి మెట్లు దిగి వెళ్ళిపోయాడు. ఒకరిని తగ్గించే మాట మళ్ళీ రాలేదు. ఐదింటికి వెళ్ళేవాళ్ళని తియ్యాలంటే సెక్షన్ మొత్తాన్నీ తియ్యాలి. ఆ లెక్కన తనని తానూ తీసేసుకోవాలి.

అందరూ వెళ్ళాక మేనేజరుగారిని పట్టుకున్నాను. "నిజం చెప్పండి సార్. ఆ గంట మఠం వాళ్ళిచ్చిందేనా?"

"వాళ్ళెందుకిస్తారయ్యా? దిగొచ్చేటప్పుడు బజార్లో కొన్నాను."

"అక్క కోసమే కదా ఇదంతా? ఆవిడకి చెప్పొచ్చుగా?"

ఆయన కంగారుపడిపోయాడు. "నీకు పుణ్యముంటుంది, చెప్పకు. తెలిస్తే మొహమాటపడి రేపట్నుంచి ఆరింటిదాకా కూర్చుంటుంది."

మర్నాడు అక్క నా టేబుల్ దగ్గరికి వచ్చి గొంతు తగ్గించింది. "నిన్న ఎలాగో గట్టెక్కాం గానీ తమ్ముడూ, మన సారు మంచివాడే. ఈ మఠం పిచ్చి ఒక్కటీ లేకపోతే ఎంత బాగుండేవాడో!"

"అవునక్కా, బాగా ముదిరిపోయింది" అన్నాను.