రాయమల్లు కొట్టిన గంట

రాయమల్లు మీద రెండుసార్లు విచారణ జరిగింది. రెండుసార్లూ అతను హైకోర్టు దాకా పోయాడు. మొదటిసారి గెలిచాడు. ఆ గెలుపే అతని కొంప ముంచింది.

బెల్లంపల్లి అవతల మా ప్రైవేటు హైస్కూల్లో అతను చప్రాసీ, నేను లెక్కల సారును. పిల్లల్లో సగం మంది తండ్రులు బొగ్గుబాయిలో దిగేవాళ్లే. వేళకాని వేళ బాయి సైరన్ కూసిందంటే లోపల ప్రమాదం జరిగినట్టు. అప్పుడు రాయమల్లు లాంగ్‌బెల్ కొట్టేవాడు, పిల్లలు బాయి దగ్గరికి పరుగెత్తేవాళ్లు. అది ఎవరో పెట్టిన రూలు కాదు, ఎక్కడా రాసుకున్నదీ కాదు. ఏళ్ల తరబడి అట్లా నడిచింది.

1979లో ఒకరోజు గ్రాంటు మంజూరు కోసం తనిఖీ అధికారి వచ్చాడు. కరస్పాండెంటు జగన్మోహన్‌రావు దొర, హెడ్మాస్టరు కలిసి ఆయనకు గదిలో మర్యాదలు చేస్తున్నారు. మధ్యాహ్నం రెండింటికి సైరన్ కూసింది. రాయమల్లు నా క్లాసు గుమ్మం దగ్గరికొచ్చి నిలబడ్డాడు.

"పెద్దసారోళ్లు లోపటున్నరు. కొట్టాల్నా సార్?"

"కొట్టు" అన్నాను.

క్షణాల్లో బడి ఖాళీ అయింది. ఆరో తరగతి శంకరవ్వ తన తండ్రిని ప్రాణం ఉండగా చూసుకోగలిగింది. అధికారి మాత్రం ఖాళీ బెంచీలను తనిఖీ చేసి వెళ్లాడు. మరునాడే రాయమల్లును సస్పెండ్ చేశారు. సంజాయిషీ అడగలేదు, సాక్షిని పిలవలేదు, పేరుకు విచారణ జరిపామనిపించి నెల తిరక్కుండా ఉద్యోగం పీకేశారు.

అతను నా పేరు ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు.

మూడేళ్లకు హైకోర్టు ఆ ఆర్డరు కొట్టేసింది. నోటీసు ఇచ్చి, సాక్షులను విని, పద్ధతి ప్రకారం మళ్లీ విచారణ జరపమంది. రాయమల్లు కొండగట్టుకు పోయి గుండు చేయించుకుని వచ్చాడు.

"నేను తప్పు చెయ్యలేదని రాసిండ్రా సార్?" అని అడిగాడు.

రాయలేదు. విచారణ జరిపిన తీరు తప్పని మాత్రమే రాశారు. పిల్లల కోసం గంట కొట్టడం తప్పా ఒప్పా అన్నది ఎవరికీ పట్టలేదు.

ఎట్లా తీసేయాలో కోర్టే దొరకు నేర్పినట్టయింది. ఈసారి ఆయన ఏ లోటూ రానివ్వలేదు. ఛార్జిషీటు తెలుగులో ఇచ్చారు. పదిహేను రోజుల గడువిచ్చారు. రాయమల్లుకు కుర్చీ కూడా వేశారు, ఆ బడిలో అతను కుర్చీలో కూర్చోవడం అదే మొదలు. నీ తరఫు సాక్షి ఎవరని అడిగితే అప్పుడు నా పేరు చెప్పాడు.

ఆ వారమే దొర నన్ను ఇంటికి పిలిపించాడు. విచారణ మాటే తేలేదు. హెడ్మాస్టరు రిటైరవుతున్నాడు, ఆ కుర్చీకి నువ్వే తగినవాడివి అన్నాడు.

"ఆ రోజు గంట కొట్టుమని మీరు చెప్పిండ్రా?" విచారణాధికారి నన్ను అడిగాడు.

"నాకు యాదికి లేదు."

రాయమల్లు నావైపు చూడలేదు. నేను చేసింది పిరికి పని, పాడు పని. దానికి ఇంకో పేరు పెట్టను.

అతన్ని మళ్లీ తీసేశారు. అతను మళ్లీ కోర్టుకు పోయాడు. విచారణ సక్రమంగానే జరిగింది కనుక జోక్యం చేసుకోవడానికి కారణం లేదని 1986లో తీర్పు వచ్చింది. ఆ కాగితాలు పట్టుకుని రాయమల్లు మా ఇంటికొచ్చాడు. అప్పటికి నేను హెడ్మాస్టరును.

"ఇంగ్లీషుల ఉన్నది సార్. జర చదివి చెప్పుండ్రి."

తెలుగులో చెప్పుకుంటూ పోయాను. ఒకచోట గొంతు సవరించుకుని నాలుగు వరుసలు దాటేశాను.

"మీ పేరున్న కాడ ఇడిసినట్టున్నరు సార్" అన్నాడు రాయమల్లు నెమ్మదిగా. "వకీలు గీత గీసిండు, సూడుండ్రి."

ఎర్ర పెన్సిల్ గీత కనబడుతూనే ఉంది. వెనక్కి వచ్చి చదివాను. అతను పిలిపించుకున్న సాక్షే అతని మాటను బలపరచలేదు కాబట్టి అతని వాదన నమ్మదగింది కాదు.

ఇంకోసారి చదవమన్నాడు. చదివాను.