బాపు వెనక్కి తిప్పిన చార్టు

డ్యూటీకి పోయే ముందు బాపు చేసిన చివరి పని, గ్యాస్ పైపుకు సబ్బునురగ పూసి బుడగలు వస్తున్నాయేమో చూడటం. రాలేదు. "మంచిగున్నది" అని లుంగీకి చేతులు తుడుచుకున్నాడు. మధ్యాహ్నం ఫ్యాక్టరీ నుంచి ఫోన్ వచ్చింది, గుండె ఆగిందని. బాపు, అంటే మా నాన్న, పేరు నర్సింగ్. యాభై ఏళ్లు. పాశమైలారంలో మీటర్లు బాగుచేసే మెకానిక్.

ఎనిమిదేళ్ల కింద, మూతపడిన ఒక ప్లాంటు తుక్కులోంచి ఒక చార్టు పెట్టె తెచ్చాడు. పళ్లెమంత గుండ్రటి కాగితం లోపల తిరుగుతుంటే పెన్ను దాని మీద వేడి ఎంతో గీస్తుంది. ముందు గాజు తలుపు. బీరంగూడలోని మా ఇంట్లో దాన్ని విప్పి బిగించి, పని చేస్తుందో లేదోనని కాగితాన్ని వేలితో వెనక్కి తిప్పాడు. గాజులో మా గోడ మాయమై జొన్నచేను ఊగింది. పెన్ను మాత్రం దాని పని అది చేసుకుంటూ సన్నటి గీత గీసింది. ఆ గీత ఉన్న కాగితాన్ని మళ్లీ పెడితే అదే చేను, అదే గాలి. ఒక చుట్టు తిప్పితే ఒక ఏడాది. పెట్టె ఎక్కడుంటే అక్కడి గతమే కనిపించేది.

రెండు రోజులు నాయనమ్మ నర్సింహమ్మ ఆ గాజు ముందే కూర్చుంది. మూడో రోజు అడిగింది.

"నర్సింగూ, నా బిడ్డ యాడున్నదో సూపిస్తదా ఇది?"

బాపుకు ముందు పుట్టిన ఆడపిల్ల తొమ్మిదో నెలలో జ్వరంతో పోయింది. ఎవరు పోయినా సొంత చేనులోనే పాతి మన్ను చేసేవాళ్లు. ఆడవాళ్లు వెంట పోయే ఆచారం లేదు. "బాట నుంచి పడమటికి నలభై అడుగులు" అని తాత వచ్చి చెప్పాడు, అంతే. తర్వాత పాశమైలారంలోని ఆ చేలు ఫ్యాక్టరీలకు పోయాయి, తాతా పోయాడు. పోయిన పెద్దలకు బువ్వ పెట్టే పెత్రమాస అమావాస్యనాడు పసిపిల్లలకు పెట్టరు. అయినా నాయనమ్మ ప్రతి ఏడూ ఆ రోజు నలభై అడుగులు లెక్కపెట్టుకుని, ఒక ప్రహరీగోడ పక్కన మోదుగాకులో పాలబువ్వ పెట్టి వచ్చేది. తన చెయ్యి సరైన చోట పడుతోందా లేదా, పోయేలోపు అదొక్కటి తెలియాలి ఆమెకు.

ఆ పెత్రమాసకు ముగ్గురం ఆటోలో పోయాం. గోడ పక్కన పెట్టె దింపగానే గేటు కాడి గార్డు వచ్చాడు.

"యే క్యా హై భయ్యా?"

"కాలిబ్రేషన్" అన్నాడు బాపు, మీటరు సరిచూసే పనన్నట్టు.

"ఔర్ అమ్మా?" అని గార్డు నాయనమ్మ వైపు చూశాడు.

"హెల్పర్."

"ఏమంటుండురా వాడు?" అంది నాయనమ్మ.

"నువ్వు నా హెల్పర్‌వని చెప్పిన."

"నిన్ను కన్నందుకు గదొక్కటే తక్కువైంది."

గార్డు నవ్వుకుంటూ పోయాడు. బాపు నలభై నాలుగు చుట్లు తిప్పి, ఆపైన వెంట్రుకవాసి చొప్పున జరిపాడు. గాజులో గోడ లేదు, షెడ్లు లేవు. చేను. దూరంగా పార పట్టుకున్న ఒక పడుచువాడు.

"మీ నాయినే" అని నాయనమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

బాపు పెట్టెను రోడ్డు అంచుకు జరిపాడు. తాత తన తలరుమాలు విప్పి బిడ్డను చుట్టాడు. మన్ను కప్పాడు. అక్కడి నుంచి బండ్లబాట దాకా పెదవులు కదుపుతూ అడుగులు లెక్కపెట్టాడు. తప్పు పోయిందేమోనని వెనక్కి వచ్చి మళ్లీ మొదటి నుంచి లెక్కపెట్టాడు. ఇంటికాడ ఒకామె అడుగుతుందని, ఆమెకు చెప్పాలని.

అప్పుడు తెలిసింది. బండ్లబాట ఎప్పుడో ఫ్యాక్టరీల జాగాలో కలిసిపోయింది. నాయనమ్మ దాని మీదే తారు పోశారనుకుని కొత్త రోడ్డు నుంచి లెక్కపెట్టేది. పాప ఉన్నది ఆ రోడ్డు నడుమ.

నాయనమ్మ ఆకు పట్టుకుని లేచింది. ట్యాంకరు వస్తోంది. బాపు చెయ్యెత్తి ఎదురుపోయాడు.

"రెండు నిమిషాలు ఆగు భాయ్, లైన్ చెకింగ్!"

డ్రైవరు హారన్ మోగిస్తూనే ఉన్నాడు. నాయనమ్మ కూర్చుని, వేడి తారు మీద ఆకు పెట్టి, అరచేత్తో రోడ్డును జోకొట్టింది.

ఆ సాయంత్రమే పెట్టె స్ప్రింగు తెగింది. బాపు ఎంత తంటాలు పడ్డా బాగుపడలేదు. నాయనమ్మ పోయినప్పుడు, ఆ రోజు గీత పడిన కాగితాన్ని ఆమె కొంగులోనే ముడివేసి పంపాం. అందుకే ఇదంతా గుర్తున్నంతలో రాస్తున్నాను.

బాపు పోయిన పదోరోజున, ఆయనతో పనిచేసే యాదన్న అన్నం ముందు కూర్చుని తినలేకపోయాడు.

"ఎనిమిదేండ్లసంది సూస్తున్న బిడ్డా. డ్యూటీకి పోంగ రాంగ ట్యాంకర్లు పోయే రోడ్డు మీద ఒక్కతాన బండి దిగి, జెర దూరం తోసుకుంట పోయేటోడు. అడిగితే చైను ఊడిందనేటోడు. రోజూ గక్కడనే ఎట్ల ఊడుతదే అని మేమంత నవ్వేటోళ్లం."